కోహిమా వార్ సెమెట్రీకి మూడు గంటలు, కిసామా మ్యూజియానికి గంట

నాగాలాండ్ టూర్ ప్యాకేజీల్లో కోహిమా వార్ సెమెట్రీకి దక్కేది సాధారణంగా అరగంట, మహా అయితే ముప్పావుగంట. గేటు దగ్గర దింపుతారు, రెండు ఫొటోలు తీసుకుని రమ్మంటారు, ఆ తర్వాత యుద్ధ మ్యూజియం ఉన్న కిసామాకి తీసుకెళ్ళి సగం రోజు అక్కడే తిప్పుతారు. ఈ లెక్క తిరగేసుకోండి. రెండో ప్రపంచ యుద్ధంలో, 1944లో, జపాన్ సైన్యానికీ బ్రిటిష్, భారత దళాలకీ మధ్య పోరు జరిగిన కొండవాలునే సైనికుల సమాధులుండే సెమెట్రీగా మలిచారు. మ్యూజియంలో ఉన్న తుపాకులూ హెల్మెట్లూ వేరే ఊళ్ళలోనూ చూడొచ్చు. ఈ వాలు మాత్రం ఇక్కడే ఉంది, దాన్ని ఎక్కి దిగితే తప్ప ఆ యుద్ధం ఎందుకలా జరిగిందో అంతుపట్టదు.

ముందు ఊరి భూగోళం కొంచెం. దిమాపూర్ మైదానంలో ఉంది. అక్కడి రైల్వే స్టేషన్‌ని యుద్ధకాలంలో మణిపూర్ రోడ్ అనేవారు. బర్మా సరిహద్దులోని సైన్యానికి తిండి, మందుగుండు, పెట్రోలు అన్నీ రైలు దిగేది అక్కడే. అక్కడి నుంచి ఇంఫాల్‌కి బళ్ళు పోయే రోడ్డు ఒక్కటే. అది జుబ్జా లోయ వెంట ఎక్కుతూ వచ్చి 46వ మైలురాయి దగ్గర కనుమ దాటుతుంది. ఆ కనుమ మీద ఊరే కోహిమా. ఇప్పటి లెక్కలో దిమాపూర్ నుంచి 74 కిలోమీటర్లు, ఎత్తు దాదాపు 1,450 మీటర్లు. నైరుతిలో పులీబాడ్జె, ఇంకా దక్షిణంగా 3,048 మీటర్ల జప్ఫు శిఖరం. ఉత్తరాన అంగామీ నాగాల పాత ఊరున్న గుట్ట. అంగామీల నోట కోహిమా అసలు పేరు కెవ్హిరా. దక్షిణాన అరదురా కొండ. ఈ రెండింటి మధ్య సన్నటి కొండవరస ఒకటి ఉత్తరం నుంచి దక్షిణానికి సాగుతుంది. రోడ్డు దాని ఉత్తరపు కొసను చుట్టి, తూర్పు పక్కగా దక్షిణానికి తిరుగుతుంది. ఈ వరసను పట్టుకుంటే ఇంఫాల్ గొంతు పట్టుకున్నట్టే.

జపాన్ 31వ డివిజన్ జనరల్ సాతో నాయకత్వంలో 1944 మార్చి 15న చిండ్విన్ నది దాటింది అందుకే. ఆ అడవికొండల్లోంచి ఒక రెజిమెంటుకి మించి రాలేదని బ్రిటిష్ కమాండర్ స్లిమ్ అంచనా. వచ్చింది మొత్తం డివిజన్, ఇంచుమించు 15,000 మంది. కోహిమాలో ఉన్నది సుమారు 2,500 మంది. వాళ్ళలో పోరాడేవాళ్ళతో పాటు గుమస్తాలు, డిపో సిబ్బంది, ఆసుపత్రిలో కోలుకుంటున్నవాళ్ళు కూడా ఉన్నారు. వైజాగ్, కాకినాడల మీద జపాన్ విమానాలు బాంబులు వేసింది 1942 ఏప్రిల్ 6న. సరిగ్గా రెండేళ్ళకి, అదే ఏప్రిల్ మొదటి వారంలో, ఆ దేశపు సైన్యం కాలినడకన ఈ కొండ మీదికి చేరింది.

ఇక సెమెట్రీ. గేటు లోపలికి వెంటనే వెళ్ళకండి. బయట నిలబడి రోడ్డు మలుపు చూడండి. ఇవాళ ట్రాఫిక్ జామ్ అయ్యే ఈ కూడలిలోనే అప్పట్లో సైన్యం ట్రాఫిక్ కంట్రోల్ పోస్టు పెట్టింది. టీసీపీ అన్న పొడి అక్షరాలు ఊరివాళ్ళ నోట ఇంకా ఉన్నాయి. ఒక దారి దిమాపూర్ నుంచి వస్తుంది, ఒకటి ఇంఫాల్ వైపు పోతుంది, ఇంకొకటి నాగా గ్రామం వైపు ఎక్కుతుంది. మలుపుకి నేరుగా పైన డిప్యూటీ కమిషనర్ చార్లెస్ పాసీ బంగళా ఉండేది. ఈ మూడు దార్లనీ ఒక్కచోటి నుంచి కాపలా కాయొచ్చన్నమాట. ఇది గమనించి లోపలికి వెళ్తే మిగతాదంతా వరసలో పడుతుంది.

లోపలికి రుసుము లేదు. నిర్వహణ కామన్వెల్త్ వార్ గ్రేవ్స్ కమిషన్‌ది. ఈ విషయంలో వంక పెట్టడానికి ఏమీ లేదు. గడ్డి సమంగా కోసి ఉంటుంది, పలకల మధ్య పూలమొక్కలు, ఎక్కడా చెత్త కనపడదు. కింది భాగంలోనే 2వ బ్రిటిష్ డివిజన్ స్మారక శిల ఉంది. నాగాలు తమ పెద్దల పేరున నిలబెట్టే నిలువురాళ్ళ లాంటి పెద్ద రాయి అది. ఇంటికి వెళ్ళాక మా మాట చెప్పండి, మీ రేపటి కోసం మా ఈ రోజుని ఇచ్చేశామని, అనే అర్థమొచ్చే వాక్యం దాని మీదే ఉంది. థర్మోపిలే దగ్గర చనిపోయిన గ్రీకు యోధుల మీది పాత పద్యం దీనికి మూలం. అందరూ ఫొటో కోసం ఆగేది ఇక్కడే. తీసుకోండి, కానీ ఇక్కడితో వెనక్కి తిరగకండి.

పైకి ఎక్కుతుంటే నేల మెట్లుమెట్లుగా, మన కొండ ప్రాంతాల్లో మడులు కట్టినట్టు ఉంటుంది. ఒక్కో మెట్టు మూడు నుంచి ఐదు మీటర్ల ఎత్తు. ఈ అంకె గుర్తుంచుకోండి. తోటలోంచి నడిచేవాళ్ళకి ఇది అందం, ఆయుధం పట్టుకుని ఎక్కేవాడికి గోడ.

పాసీ బంగళాకి చెందిన టెన్నిస్ కోర్టు దగ్గర కనీసం అరగంట ఉండాలి. తెల్ల కాంక్రీటు గీతలతో దాని హద్దులు గుర్తుపెట్టారు. ఈ గీతలు తర్వాత వేసినవి, 1944 నాటివని ఎవరైనా చెబితే నమ్మకండి. కొలతలు మాత్రం అసలువే: బేస్‌లైన్ నుంచి బేస్‌లైన్‌కి 78 అడుగులు, అంటే 23.77 మీటర్లు. మామూలు నడకలో ముప్పై అంగలు. ఒక కొస నుంచి రెండో కొసకి నడిచి చూడండి. బంగళా ఉన్న దిగువ మెట్టు జపనీయుల చేతికి పోయింది, పైన క్లబ్‌హౌస్ ఉన్న మెట్టు బ్రిటిష్, భారత దళాల చేతిలో ఉంది. మధ్యలో ఉన్న ఖాళీ ఈ కోర్టు ఒక్కటే. వారాల తరబడి ఈ ముప్పై అంగల మీదుగా గ్రనేడ్లు విసురుకున్నారు.

అంత చిన్న చోటు అన్ని రోజులు ఎందుకు తెగలేదన్నదానికి సమాధానం మీ కాళ్ళ కిందే ఉంది. ఫిరంగితో కొడదామంటే అవతలివాళ్ళు ఇరవై గజాల్లో ఉన్నారు, గుండు కొంచెం దగ్గరగా పడితే సొంత మనుషులే పోతారు. విమానం నుంచి బాంబు వేసినా అదే చిక్కు. జపనీయుల బంకర్లు మెట్ల గోడల్లోకి తవ్వినవి, పైన దుంగలూ మట్టీ కప్పినవి. ట్యాంకు తెద్దామంటే ఈ మెట్లు ఎక్కదు. చివరికి ఇంజనీర్లు బుల్డోజర్‌తో వెనకవైపు నుంచి దారి చెక్కారు. మే 13న ఒక లీ ట్యాంకు పై మెట్టు మీంచి జారుతూ కోర్టులోకి దిగి, బంకర్ల నోళ్ళలోకి గురిపెట్టి కాల్చింది. దాని వెనకే డార్సెట్ రెజిమెంటు జవాన్లు వచ్చారు. అలా తీరింది కోర్టు సంగతి.

పక్కనే చెర్రీ చెట్టు, దాని కింద చిన్న ఫలకం. పాత చెట్టు మీద జపాన్ స్నైపర్లు ఉండేవారు, యుద్ధంలో అది ధ్వంసమైంది. ఇప్పుడున్నది పాత మొదలు నుంచి వచ్చిన చిగురు. గైడ్లు దీన్ని మరీ సాగదీస్తారు. ఫలకం చదివితే సరిపోతుంది.

కోర్టు దాటి పైకి వెళ్ళేటప్పుడు సమాధి పలకలు తీరిగ్గా చూడండి. ఇక్కడ నిలువు శిలలు లేవు. పొట్టి రాతి దిమ్మల మీద ఏటవాలుగా బిగించిన కంచు పలకలు. పేరు, దళం, తేదీ, వయసు, చాలావాటి మీద ఇంటివాళ్ళు రాయించిన ఒకటి రెండు ముక్కలు. వయసుల దగ్గర ఇరవై, ఇరవై ఒకటి, పంతొమ్మిది అని చదువుకుంటూ పోతే నడక దానంతటదే నెమ్మదిస్తుంది. మొత్తం సమాధులు 1,420. ఇవన్నీ తెల్లవాళ్ళవే అనే మాట తరచూ వినపడుతుంది, అది తప్పు. భారత సైన్యంలోని ముస్లిం సైనికులు కూడా ఇక్కడే ఉన్నారు. బ్రిటిష్ సైన్యంలో అత్యున్నత శౌర్య పతకం విక్టోరియా క్రాస్ పొందినవాళ్ళు ఇద్దరు: ఏప్రిల్ 9న చనిపోయిన లాన్స్ కార్పొరల్ జాన్ హార్మన్, మే 6న చనిపోయిన కెప్టెన్ జాన్ రాండిల్.

అన్నిటికన్నా ఎత్తున ఉన్నది క్రిమేషన్ మెమోరియల్. దహనం చేసిన 917 మంది హిందూ, సిక్కు సైనికుల పేర్లు దాని మీద ఉన్నాయి. మనవాళ్ళు చూడాల్సింది ముందుగా ఇదే. అయినా సగం మంది టెన్నిస్ కోర్టు దగ్గరే వెనక్కి తిరుగుతారు, పైకి ఇంకా మెట్లున్నాయని.

ఈ ఎత్తు మీద నిలబడి దక్షిణానికి తిరగండి. మీరున్నది గారిసన్ హిల్. దాని తర్వాత వరసగా కుకీ పికెట్, ఎఫ్ఎస్‌డీ, డీఐఎస్, ఆ తర్వాత జైల్ హిల్. ఎఫ్ఎస్‌డీ, డీఐఎస్ రెండూ సైన్యం సరుకుల డిపోల పొడి పేర్లు. ఇప్పుడు వీటిని ఇళ్ళూ ఆఫీసులూ కప్పేశాయి, అయినా దిబ్బల ఎగుడుదిగుడు తెలుస్తుంది. ముట్టడి దక్షిణం నుంచి ఒక్కొక్క దిబ్బా మింగుతూ వచ్చింది. ముందు జైల్ హిల్, ఏప్రిల్ 10 రాత్రికి డీఐఎస్, 17, 18 నాటికి ఎఫ్ఎస్‌డీ, కుకీ పికెట్. చివరికి మిగిలింది మీరు నిలబడ్డ ఈ దిబ్బ, సుమారు 350 గజాల చదరం. ఏప్రిల్ 18న పంజాబ్ రెజిమెంటు దళం పడమటి వైపు నుంచి అందుకుంది కాబట్టి ఇది నిలిచింది.

ఇంకో విషయం, నీళ్ళు. వరస మీద బావుల్లేవు, నీటి వనరులు జపనీయుల చేతికి పోయాయి. మనిషికి రోజుకి అర లీటరు కన్నా తక్కువ వచ్చింది. కొండ ఉత్తరపు పక్కన చిన్న ఊట దొరికింది గానీ రాత్రి చీకట్లోనే వెళ్ళి పట్టుకోవాలి. పారాచూట్లతో వేసిన నీళ్ళూ మందులూ కొన్ని అవతలివాళ్ళ వైపు పడ్డాయి. గాయపడ్డవాళ్ళని దాచే చోటు లేక, కట్టు కోసం వరసలో పడుకున్నవాళ్ళే మళ్ళీ దెబ్బలు తిన్నారు. వీటిలో చాలామటుకు అక్కడి బోర్డుల మీద కనపడదు.

సెమెట్రీ మీద పెద్ద ఫిర్యాదు అదే: జ్ఞాపకం చేస్తుంది, వివరించదు. పేరు తెలియనివాడికి డీఐఎస్ ఎటో, జైల్ హిల్ ఎటో పైనుంచి చూసినా తట్టదు. కాబట్టి వెళ్ళేముందు 1944 నాటి కొండవరస స్కెచ్ మ్యాపు ఒకటి ఫోన్లో పెట్టుకోండి, ఉత్తరం పైకి వచ్చేలా. గైడ్‌ని పెట్టుకునేట్టయితే డబ్బు మాట్లాడకముందే ఒక ప్రశ్న వేయండి: డీఐఎస్ ఎటు? గారిసన్ హిల్ నుంచి దక్షిణం చూపిస్తే పెట్టుకోండి. చెర్రీ చెట్టు చూపిస్తే వద్దు.

ఇంకో లోటు నాగాల సంగతి. బ్రిటిష్ సైన్యానికి దారి చూపించింది, గాయపడ్డవాళ్ళని మోసింది, శత్రువు జాడలు చేరవేసింది ఈ కొండ గ్రామాలవాళ్ళే. వాళ్ళ ఊరు బాంబులకీ ఫిరంగులకీ తగలబడిపోయింది. వార్ గ్రేవ్స్ కమిషన్ లెక్కలోకి వచ్చేది సైనికులే కాబట్టి ఇక్కడ ఆ ఊరివాళ్ళ కథ ఉండదు. దాని కోసం ఎదుటి గుట్ట మీది కోహిమా గ్రామం ఎక్కాలి. ఊళ్ళో దాన్ని బడా బస్తీ అంటారు. టాక్సీలో చేరొచ్చు. ఆ గుట్టని జపనీయులు ఏప్రిల్ మొదట్లోనే పట్టుకున్నారు. అక్కడి నుంచి సెమెట్రీ వైపు చూస్తే, గారిసన్ హిల్ మీద పగలు తల ఎత్తడం ఎందుకు కుదరలేదో బోధపడుతుంది. టైం ఉంటే దిమాపూర్ దారిలో జోత్సోమా దగ్గర కూడా ఆగండి. 161వ భారత బ్రిగేడ్ ఫిరంగులు పెట్టింది అక్కడే. కోహిమాలో ఇరుక్కున్నవాళ్ళ చుట్టూ గుండ్ల కంచె వేసింది ఆ ఫిరంగులే.

కిసామా మ్యూజియం ఊరికి పన్నెండు కిలోమీటర్ల దూరంలో, ఇంఫాల్ రోడ్డు మీద, హార్న్‌బిల్ పండగ జరిగే ప్రాంగణంలోనే ఉంది. తుపాకులు, గుండ్లు, హెల్మెట్లు, యూనిఫాంలు, ఫొటోలు. సెమెట్రీ చూశాక వస్తే బాగానే ఉంటుంది, నేరుగా ఇక్కడికొస్తే అద్దాల వెనక తుప్పుపట్టిన ఇనుములా కనపడుతుంది. జపాన్ వైపు కథ మీద శ్రద్ధ పెట్టండి. సాతో సైన్యం మోసుకొచ్చింది మూడు వారాల తిండి. వెనక నుంచి దాదాపు ఏమీ రాలేదు. పై అధికారి ముతగుచి ఆజ్ఞని కాదని సాతో జూన్ మొదట్లో తన డివిజన్‌ని వెనక్కి తిప్పాడు, దానికి పదవి పోగొట్టుకున్నాడు. వానల్లో ఆ తిరుగుదారిలో ఆకలికీ జబ్బులకీ పోయినవాళ్ళు లెక్కలేనంత మంది. జూన్ 22న 109వ మైలురాయి దగ్గర కోహిమా వైపు నుంచి వచ్చిన దళాలు, ఇంఫాల్ వైపు నుంచి వచ్చిన దళాలు కలుసుకుని రోడ్డు తెరుచుకుంది.

డిసెంబర్ 1 నుంచి 10 వరకు హార్న్‌బిల్ పండగ. ఆ పది రోజుల్లో మ్యూజియం కోసమైతే రాకండి. జనం, ఇరుకు, హోటల్ గదులు నెలల ముందే అయిపోతాయి. నృత్యాల కోసం వచ్చేవాళ్ళ సంగతి వేరు.

కిసామా అన్న పేరు కిగ్వేమాలో కి, ఫెసామాలో స, ఊరు అనే అర్థమున్న మ కలిపి కట్టింది. ఆ కిగ్వేమాకి ఎలాగూ అంత దూరం వచ్చారు కాబట్టి వెళ్ళండి. జపాన్ సైన్యం 4-4-1944న మధ్యాహ్నం 3 గంటలకి వచ్చిందని అక్కడ ఒక ఇంటి మీద రాసి ఉంటుంది. సాతో ఆ ఊళ్ళోనే బస చేశాడు. మనుషులు కాపురముండే ఊరు, గుమ్మాల్లోకి కెమెరా పెట్టకుండా అడిగి తీయండి. తిరుగుదారిలో అరదురా మీద కెథెడ్రల్ కనపడుతుంది. దాని కట్టుబడికి జపాన్ సైనికుల కుటుంబాల నుంచి విరాళాలు వచ్చాయి.

రాకపోకల్లో ఇబ్బంది ఎక్కడొస్తుందో ముందే తెలిస్తే మంచిది. నాగాలాండ్‌కి ఇన్నర్ లైన్ పర్మిట్, అంటే బయటి రాష్ట్రాలవాళ్ళు తీసుకోవాల్సిన ప్రవేశ అనుమతి, తప్పనిసరి, దిమాపూర్‌కి కూడా. రాష్ట్ర ప్రభుత్వ పోర్టల్‌లో ముందే అప్లై చేసి, ప్రింట్ ఒకటి, ఫోన్లో ఒకటి ఉంచుకోండి. హైదరాబాద్ నుంచైతే కోల్‌కతా లేదా గువాహటి మీదుగా దిమాపూర్ విమానం, లేదంటే గువాహటి నుంచి రైలు. దిమాపూర్ నుంచి షేర్ టాక్సీలో మామూలు రోజుల్లో రెండు నుంచి మూడు గంటలు. వానాకాలంలో ఆ లెక్క పనికిరాదు. పాగలా పహాడ్ దగ్గర కొండచరియలు విరిగిపడతాయి. 2023 జూలైలో చుమౌకెడిమా దగ్గర బండరాళ్ళు కార్ల మీద పడ్డ వీడియో చాలామంది చూసే ఉంటారు. జూన్ నుంచి సెప్టెంబర్ దాకా వెళ్తే తిరుగు విమానానికి ఒక రోజు ముందే దిమాపూర్ దిగిపోండి. అక్టోబర్ నుంచి మార్చి హాయి.

ఇంఫాల్ వరకు యుద్ధం దారి పట్టాలనుకుంటే మణిపూర్‌కి వేరే పర్మిట్ కావాలి. 2023 మేలో అక్కడ మొదలైన జాతి ఘర్షణల సంగతి తెలిసిందే కాబట్టి, రోడ్డు సంగతి బయల్దేరే రోజు పొద్దున కోహిమా టాక్సీ స్టాండులోనే కనుక్కోండి.

ఆదివారం ఊరంతా మూతబడుతుంది, టాక్సీ కూడా కష్టమే. డిసెంబర్‌లో నాలుగున్నరకే పొద్దు గుంకుతుంది, మన గడియారం అలవాటుతో ఐదింటికి సెమెట్రీ చూద్దామంటే కుదరదు. పొద్దున ఎనిమిదిన్నరకల్లా గేటు దగ్గర ఉంటే ఎండ పలకల మీద పడే టైం సరిగ్గా ఉంటుంది. వానపడితే రాతి మెట్లు జారతాయి, పట్టున్న బూట్లు వేసుకోండి. మోకాళ్ళ నొప్పులున్న పెద్దవాళ్ళని కింది భాగంలో కూర్చోబెట్టొచ్చు, పైదాకా తీసుకెళ్ళడం కష్టం. తిండికి, పొగపెట్టిన పంది మాంసం అఖునితో వండింది ఇక్కడి ప్రత్యేకం. అఖుని అంటే పులియబెట్టిన సోయా, వాసన గట్టిగా ఉంటుంది. రాజా మిర్చి చట్నీని గుంటూరు కారంతో పోల్చుకుని పెద్ద ముద్ద కలుపుకోవద్దు, గోరంత చాలు. శాకాహారులకి అన్నం, పప్పు, ఉడికించిన ఆకుకూరలు దొరుకుతాయి, ముందుగానే చెప్పాలి.

ఇంట్లో ఎవరైనా రెండో ప్రపంచ యుద్ధంలో తూర్పు సరిహద్దుకి వెళ్ళి తిరిగి రాలేదనే మాట ఉంటే, బయల్దేరేముందు వార్ గ్రేవ్స్ కమిషన్ వెబ్‌సైట్‌లో వెతకండి. పేరు స్పెల్లింగు అప్పటి గుమస్తా విన్నట్టు రాసింది, మూడు నాలుగు రకాలుగా కొట్టి చూడాలి. ఇండియన్ ఆర్మీ అని ఎంచుకోండి. చాలా నమోదుల్లో తండ్రి పేరు, ఊరు, జిల్లా ఉంటాయి, అవి కూడా పాత పలుకుబడిలోనే: విశాఖకి విజగపటం, కాకినాడకి కొకనాడ, విజయవాడకి బెజవాడ. కోహిమాలో లేకపోతే ఇంఫాల్ క్రిమేషన్ మెమోరియల్, అక్కడా లేకపోతే బర్మాలోని తౌక్యాన్‌లో ఉన్న రంగూన్ మెమోరియల్ చూడాలి. సమాధి దొరకని దాదాపు 27,000 మంది పేర్లు అక్కడ ఉన్నాయి. కోహిమాలోనే పేరు దొరికితే ప్లాటు, వరస, సమాధి నంబరు మూడూ రాసుకోండి, లేకపోతే అన్ని మెట్ల మీద వెతుకుతూ పొద్దుపోతుంది. జేబులో మెత్తటి గుడ్డ కూడా పెట్టుకోండి. మంచు కురిసిన పొద్దున తడి తుడిస్తే గానీ కంచు మీద అక్షరాలు కనపడవు.